తళ్ళికోట తేల్చినదేమిటి?

1565 జనవరిలో కృష్ణానదికి దక్షిణాన ఒక్కపూటలో ముగిసిన యుద్ధం మీద నాలుగున్నర శతాబ్దాలుగా వాదన సాగుతూనే ఉంది. ఒక పక్క విజయనగరం. ఎదుటి పక్క బీజాపూర్, అహ్మద్‌నగర్, గోల్కొండ, బీదర్ సుల్తానులు. విజయనగరంలో అధికారం చేతిలో ఉన్న వృద్ధుడు అళియ రామరాయలు పట్టుబడ్డాడు. తల తెగింది, సైన్యం చెదిరింది, కొద్ది రోజుల్లోనే రాజధాని దోపిడీ పాలైంది. ఇంతవరకూ ఎవరికీ పేచీ లేదు. పేచీ అంతా దాని అర్థం దగ్గరే. హిందూ రాజ్యం మీద ముస్లిం రాజ్యాలు కట్టగట్టుకుని చేసిన దాడి అని ఒకరంటే, దక్కన్ రాజుల మధ్య ఎప్పుడూ ఉండే తగాదాల్లో అదొక పెద్ద ఘట్టం మాత్రమేనని మరొకరంటారు. ఆ దెబ్బతో సామ్రాజ్యం అంతరించిందని ఒక పుస్తకం చెబుతుంది. మరో ఎనభై ఏళ్లు బతికిందని ఇంకో పుస్తకం శాసనాలు చూపిస్తుంది.

చర్చ ఇంతగా చిక్కుపడడానికి కారణం ఉంది. నాలుగు వేర్వేరు ప్రశ్నల్ని మనం ఒకే ప్రశ్నగా అడుగుతున్నాం. ఒకరి మీద ఒకరు కత్తులు దూసుకునే సుల్తానులు ఎందుకు ఏకమయ్యారు? అంత పెద్ద సైన్యం ఎందుకు ఓడింది? గెలిచినవాళ్లు వెళ్లిపోయాక కూడా నగరం ఎందుకు లేవలేదు? రాజ్యం మునుపటి స్థితికి ఎందుకు రాలేదు? మొదటి ప్రశ్నకు దొరికిన జవాబునే మిగతా మూడింటికీ అతికిస్తే మొత్తం కథ వంకర పోతుంది. మతం కలిపింది కనుక మతమే ఓడించింది, మతమే కూల్చింది అన్నది ఒక వాదం. మతం కలపలేదు కనుక విధ్వంసంలోనూ దానికి పాత్ర లేదన్నది ఎదురువాదం. రెండూ తొందరపాటే.

ఆ రోజు

సుల్తానుల సైన్యాలు 1564 డిసెంబరులో తళ్ళికోట దగ్గర కలుసుకున్నాయి కనుక యుద్ధానికి ఆ పేరు నిలిచింది. నిజానికి ఆ ఊరు కృష్ణకు ఉత్తరాన చాలా దూరంలో ఉంది. పోరు జరిగింది నదికి ఇవతల. నది ఒడ్డునున్న రెండు గ్రామాల పేరు మీద రక్కసతంగడి యుద్ధమన్నవాళ్లు ఉన్నారు. రామరాయల అరవీటి వంశం మీద 1927లో పెద్ద గ్రంథం రాసిన హెరాస్ పాదిరిది ఆ పక్షం. ముద్గల్ వెళ్లే దారిలో ఎక్కడో జరిగిందని రాబర్ట్ సీవెల్ లెక్క కట్టాడు. బన్నిహట్టి అని మరికొందరు అంటారు. తేదీ జనవరి 23 అని ఎక్కువమంది ఒప్పుకుంటారు.

బీజాపూర్ ఆస్థాన చరిత్రకారుడు ఫిరిష్తా చెప్పిన కథనం ఇది. రేవులన్నీ రామరాయల మనుషుల కాపలాలో ఉన్నాయి. సుల్తానులు దాటడానికి మరో చోటు వెతుకుతున్నట్టు మూడు రోజులు ఒడ్డు వెంట నడిచారు. ఆవలి ఒడ్డున విజయనగర సేన కూడా వాళ్లతో పాటే కదిలింది. ఆ రాత్రి సుల్తానులు గిరుక్కున వెనక్కి తిరిగి, కాపలా లేని అసలు రేవులోనే నది దాటేశారు. పోరులో రామరాయలు మధ్యభాగాన, అహ్మద్‌నగర్ సుల్తాను హుసేన్ నిజాంషాకు ఎదురుగా నిలిచాడు. గుర్రమెక్కమని చెప్పినా వినకుండా పల్లకీలో కూర్చున్నాడు. తర్వాత పల్లకీ దిగి, ముత్యాలు కుట్టిన పందిరి కింద సింహాసనం వేయించుకుని, చుట్టూ డబ్బు రాశులు పోయించాడు. బాగా పోరాడినవాడికి అక్కడికక్కడే బహుమతి ఇవ్వాలని ఆయన ఉద్దేశం. ఎదురుగా నిజాంషా ఫిరంగులు మూడు వరసల్లో ఉన్నాయి. వాటిలో గుండ్లకు బదులు రాగినాణేల సంచులు కూరారని ఫిరిష్తా రాశాడు. దగ్గరకు వచ్చిన దళం మీద ఆ నాణేలు ఒక్కసారిగా చిమ్మాయి. ఆ కలకలంలో రామరాయలు మళ్లీ పల్లకీ ఎక్కాడు. ఒక ఏనుగు మీదికి రావడంతో బోయీలు పల్లకీ వదిలేసి పారిపోయారు. రామరాయలు చిక్కాడు. హుసేన్ నిజాంషా ఆయన తల నరికించి ఈటెకు గుచ్చి ఎత్తి చూపించాడు. దాంతో సైన్యం కట్టు తెగింది.

ఈ కథనం ఎంత స్పష్టంగా ఉన్నా దాన్ని చెప్పినవాడు ఎవరన్నది మరిచిపోకూడదు. యుద్ధం నాటికి ఫిరిష్తా ఇంకా పుట్టి కూడా ఉండడు. మొదట అహ్మద్‌నగర్‌లో పెరిగి, తర్వాత బీజాపూర్ చేరి, 17వ శతాబ్దపు తొలి సంవత్సరాల్లో ఈ చరిత్ర పూర్తి చేశాడు.

సాక్షులు ఎవరు?

ఈ యుద్ధం మీద మన దగ్గరున్న ఆధారాల్లో ఏదీ తటస్థం కాదు. అహ్మద్‌నగర్‌లో ఆఫ్తాబీ అనే కవి హుసేన్ నిజాంషాను కీర్తిస్తూ పారశీకంలో ఒక కావ్యం రాశాడు. యుద్ధ దృశ్యాల బొమ్మలున్న దాని రాతప్రతి పుణేలోని భారత ఇతిహాస సంశోధక మండలిలో ఉంది. అది విజేత ఇంట్లో పుట్టిన గ్రంథం. సీజర్ ఫ్రెడరిక్ అనే వెనిస్ వర్తకుడు 1567లో విజయనగరంలో ఏడు నెలలున్నాడు. పోరు జరిగిన రెండేళ్లకే వచ్చిన మనిషి కనుక ఆయన మాటకు విలువుంది. కాని ఆయన విన్నది ఓడినవాళ్ల నోటి నుంచి. గోవాలో ఉండి చరిత్ర రాసిన దియోగో దో కౌటోకు పోర్చుగీసు వ్యాపారమే ముఖ్యం. రామరాయల వయసు దగ్గర కూడా వీళ్లు కలవరు. ఎనభై అన్న లెక్క ఒకటి, తొంభై ఆరన్న కౌటో మాట ఒకటి.

తెలుగులో ఉన్న ముఖ్యమైన ఆధారం ‘రాయవాచకం’. కృష్ణదేవరాయల ఆస్థానంలో ఒక స్థానాపతి (రాయబారి) రాసి పంపిన వర్తమానం రూపంలో ఉంటుంది కనుక చాలాకాలం దాన్ని ఆ రాజు కాలపు రచనగానే చదివారు. అది 1600 ప్రాంతంలో మధుర నాయకుల ఆస్థానంలో పుట్టిందని 1993లో ఫిలిప్ వాగనర్ వాదించాడు. అందులో తురకల్ని రాక్షసుల్లా చూపించడం కృష్ణరాయల నాటి దృష్టి కాదని, 1565 తర్వాత తరం తన ఓటమికి వెతుక్కున్న వివరణ అని ఆయన వాదన సారం. ఈ చర్చ మొత్తంలో తెలుగు పాఠకుడు ఎక్కువసేపు ఆగవలసిన చోటు ఇదేనని నా అభిప్రాయం. ఎందుకంటే అటు విజేతల ఆస్థానంలో పారశీక కవి ఆ పోరును అవిశ్వాసుల మీద గెలుపుగా పాడుతుంటే, ఇటు మధురలో తెలుగు రచయిత దాన్ని రాక్షసుల చేతి విపత్తుగా చెబుతున్నాడు. యుద్ధానికి మతయుద్ధమన్న అర్థం ఒకటి రెండు తరాల్లోనే, రెండు పక్షాలా పుట్టింది. అది వలస పాలకులు కల్పించింది కాదు. అలాగని 1564లో సంధి కుదుర్చుకున్న సుల్తానుల మనసులో అదే ఉందని చెప్పడానికీ అది చాలదు.

సీవెల్ గీసిన బొమ్మ

ఆధునిక చర్చకు మొదలు 1900లో రాబర్ట్ సీవెల్ ప్రచురించిన పుస్తకం. దానికి ఆయన ‘మరచిపోయిన సామ్రాజ్యం’ అన్న అర్థం వచ్చే పేరు పెట్టాడు. మద్రాసు సివిల్ సర్వీసులో పనిచేసిన ఈ ఇంగ్లీషు అధికారి పోర్చుగీసు యాత్రికులు పేస్, నూనిజ్‌ల రచనల్ని ఇంగ్లీషులోకి తెచ్చి మహోపకారం చేశాడు. వాటితో పాటు ఒక చట్రాన్ని కూడా ఇచ్చాడు. ఉత్తరాది నుంచి వస్తున్న ముస్లిం దండయాత్రలకు దక్షిణాదిలో అడ్డుకట్టగా నిలిచిన హిందూ రాజ్యం విజయనగరమని, ఆ కట్ట 1565లో తెగిందని అందులో ఉంది.

జాతీయోద్యమ కాలపు దక్షిణాది చరిత్రకారులకు ఈ చట్రం నచ్చింది. ఎస్. కృష్ణస్వామి అయ్యంగార్, కె.ఎ. నీలకంఠ శాస్త్రి, నేలటూరి వెంకటరమణయ్య శాసనాల్నీ సాహిత్యాన్నీ జల్లెడ పట్టి, సీవెల్ దగ్గర లేని సామగ్రిని బయటికి తెచ్చారు. ఇవాళ మనకు తెలిసిన వివరాల్లో సగం వాళ్ల కష్టమే. చట్రం మాత్రం పెద్దగా మారలేదు. పైగా 1936లో ఆరు శతాబ్దాల ఉత్సవాల నాటికి సామ్రాజ్య స్థాపకులు తెలుగువాళ్లా కన్నడిగులా అన్న తగవు ముందుకొచ్చి, పతనం మీద జరగాల్సిన లోతైన చర్చను కొంత పక్కకు నెట్టింది.

సీవెల్ చట్రానికి పండిత లోకం బయట ఆయుష్షు ఎక్కువ. 1977లో వి.ఎస్. నైపాల్ గాయపడిన భారత నాగరికత మీద రాసిన పుస్తకాన్ని హంపీ శిథిలాలతోనే మొదలుపెట్టాడు. హంపీని అలా గాయంగా చదవడం తప్పని విలియం డాల్రింపుల్ వాదించడంతో ఇంగ్లీషు పత్రికల్లో ఈ తగవు మళ్లీ రాజుకుంది. గిరీశ్ కర్నాడ్ చివరి నాటకం ‘రాక్షస తంగడి’ కూడా ఈ యుద్ధం గురించే.

ఎందుకు ఏకమయ్యారు?

1980ల నుంచి కొత్త తరం పరిశోధకులు ఈ ప్రశ్నను తిరగదోడారు. విజయనగర రాజులు ‘హిందూరాయ సురత్రాణ’ అన్న బిరుదు పెట్టుకుని తమను తాము సుల్తానులుగా చెప్పుకున్నారని, ఆస్థానంలో సుల్తానుల తరహాలో కబాయి (పొడుగు అంగీ), కుళ్లాయి (టోపీ) తొడిగారని వాగనర్ 1996లో చూపించాడు. రెండో దేవరాయలు 15వ శతాబ్దంలోనే ముస్లిం విలుకాళ్లను, రౌతుల్ని కొలువులోకి తీసుకున్నాడు. ఖురాన్ గ్రంథాన్ని ఎదుట ఉంచుకుని వాళ్ల సలాములు అందుకున్నాడని ఫిరిష్తాయే రాశాడు. అటు సుల్తానుల సైన్యాల్లో మరాఠా దళాలుండేవి.

రామరాయల జీవితమే ఇందుకు పెద్ద రుజువు. ఆయన మొదట గోల్కొండ కొలువులో పనిచేసి, అక్కడి నుంచి ఉద్వాసన అయ్యాక విజయనగరం చేరి కృష్ణరాయల అల్లుడయ్యాడని గోల్కొండ పారశీక చరిత్ర ఒకటి చెబుతుంది. రిచర్డ్ ఈటన్ ఎనిమిది దక్కనీ జీవితాల మీద 2005లో రాసిన పుస్తకంలో రామరాయలది ఒకటి. అలాగే గోల్కొండ సుల్తాను ఇబ్రహీం కుతుబ్‌షా రాజు కాకముందు ఏడేళ్లు రామరాయల ఆశ్రయంలో విజయనగరంలో గడిపాడు. తెలుగు కవులు ఆయన్ను మల్కిభరాముడన్నారు. అద్దంకి గంగాధర కవి ‘తపతీ సంవరణోపాఖ్యానం’ అంకితమిచ్చాడు. ఆ ఇబ్రహీమే 1565లో తనకు నీడనిచ్చిన ఇంటి మీదికి సైన్యంతో వచ్చాడు. మతం ఒక్కటే ఇలాంటి మనుషుల్ని నడిపిందని చెప్పడం కష్టం.

మరి నడిపింది ఏమిటి? రామరాయల ఎత్తుగడలే అన్నది కొత్త తరం జవాబు. 1543 నుంచి ఇరవై ఏళ్లు ఆయన ఒక సుల్తానును ఇంకొకరి మీదికి ఎగదోస్తూ, ప్రతి యుద్ధంలోనూ తానే తీర్పరి అయ్యాడు. ఒకసారి అహ్మద్‌నగర్‌తో కలిసి బీజాపూర్‌ను కొట్టాడు. 1558లో బీజాపూర్, గోల్కొండలతో కలిసి అహ్మద్‌నగర్‌ను ముట్టడించాడు. సంధి షరతుల్లో హుసేన్ నిజాంషా స్వయంగా వచ్చి రామరాయల చేతి తాంబూలం అందుకోవాలన్నది ఒకటని పారశీక చరిత్రలు చెబుతాయి. సమాన హోదా గల రాజులకు అది చావుతో సమానమైన పరాభవం. ఇలాంటి ఆస్థాన అవమానాలు రాజకీయ భాషలో భాగమని, వాటిని రాజుల కోపతాపాలుగా కొట్టిపారేయకూడదని సంజయ్ సుబ్రహ్మణ్యం 2012లో వివరించాడు. ఈటన్, వాగనర్ మరో అడుగు ముందుకేశారు. రామరాయలు తనను కల్యాణి చాళుక్యుల వారసుడిగా భావించుకున్నాడని, అందుకే కల్యాణి కోట మీద అంత పట్టు పట్టాడని 2014 నాటి పుస్తకంలో వాదించారు. ఆలోచింపజేసే వాదనే. బిరుదుల్లో దానికి ఆధారముంది. కాని కల్యాణి, షోలాపూర్ కోటలు ఎవరి చేతిలో ఉంటే వాళ్లకు సరిహద్దు మీద పైచేయి. ఆ మాత్రం కారణమే పోరుకు సరిపోతుంది.

ఏకం కావడమూ మాటలతో జరగలేదు. హుసేన్ నిజాంషా కూతురు చాంద్‌బీబీని బీజాపూర్ అలీ ఆదిల్‌షాకిచ్చి పెళ్లి చేశారు. ఇన్నాళ్లూ రెండు రాజ్యాలూ కొట్టుకున్న షోలాపూర్ కోట ఆమెకు అరణంగా వెళ్లింది. అలీ చెల్లెల్ని హుసేన్ కొడుకుకిచ్చారు. అహ్మద్‌నగర్ మీద కక్ష ఉన్న బేరార్ మాత్రం కూటమికి దూరంగానే ఉండిపోయింది. మతమే అసలు సూత్రమైతే ఆ అయిదో సుల్తాను ఇంట్లో కూర్చునేవాడు కాదు.

ఫిరంగులా, ఫిరాయింపులా?

ఓటమికి రెండు కారణాలు చెబుతారు. మొదటిది ఆయుధం. 1520లో రాయచూరు దగ్గర నాటి బీజాపూర్ ఆదిల్‌షా ఫిరంగులు పేల్చినా కృష్ణరాయల రౌతులే గెలిచారు. ఆ గెలుపు విజయనగరానికి తప్పుడు పాఠం నేర్పిందని ఈటన్ వాదన: ఫిరంగి ముందు గుర్రం నెగ్గుతుందని గెలిచినవాళ్లు ధీమాగా ఉండిపోయారు, ఓడినవాళ్లు మాత్రం ఫిరంగుల తయారీ మీద పడ్డారు. 1549లో అహ్మద్‌నగర్‌లో ‘మాలిక్-ఎ-మైదాన్’ అనే కంచు ఫిరంగిని ఒక రూమీ (తుర్కీ) నిపుణుడు పోతపోశాడు. టన్నుల కొద్దీ బరువున్న ఆ ఫిరంగి ఇప్పుడు బీజాపూర్ కోట బురుజు మీద ఉంది. తళ్ళికోటలో నిజాంషా ఫిరంగుల్ని నడిపినవాడి బిరుదు కూడా రూమీఖానే. పశ్చిమాసియా నుంచి వచ్చిన ఈ పరిజ్ఞానం విజయనగరానికి అందలేదనడం మాత్రం పూర్తి నిజం కాదు. వాళ్లకూ ఫిరంగులున్నాయి, గోవా పోర్చుగీసులతో సంబంధాలూ ఉన్నాయి. తేడా సంఖ్యలో, వాడకంలో.

రెండోది ద్రోహం. రామరాయల సైన్యంలోని ఇద్దరు ముస్లిం సేనానులు నడి పోరులో పక్షం మారారని, ఒక్కొక్కరి కింద డెబ్బై ఎనభై వేల మంది ఉన్నారని ఫ్రెడరిక్ రాశాడు. ఆ సంఖ్య నమ్మశక్యం కాదు. అంతమందికి, వాళ్ల గుర్రాలకు కృష్ణ ఒడ్డున ఒక్కచోట మేత, నీళ్లు, గింజ అందించడమే అసాధ్యం. ఫిరిష్తా కథనం గెలుపును ఫిరంగులకూ నిజాంషా నిబ్బరానికీ కట్టబెడుతుంది. ఓడినవాళ్లు ద్రోహం చూడడం, గెలిచినవాళ్లు పరాక్రమం చూడడం యుద్ధాలన్నిటిలోనూ ఉన్నదే కనుక ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి ఒకటి నిజం, ఒకటి అబద్ధం అనలేం. కొందరు పక్షం మారి ఉండవచ్చు. వాళ్లే యుద్ధాన్ని తేల్చారనడానికి మాత్రం ఆధారం బలహీనం.

ఈ రెంటికంటే నాకు ముఖ్యంగా కనిపించేది వేరొకటి. రాజు పేరు సదాశివరాయలు, అధికారం రామరాయలది. అసలు రాజును నిర్బంధంలో ఉంచి ఏడాదికొక్కసారి జనానికి చూపించేవారని ఫ్రెడరిక్ రాశాడు. పాత అధికారుల స్థానంలో తమ్ముళ్లు తిరుమల, వెంకటాద్రి సహా బంధువులే పెద్ద కొలువుల్లో ఉన్నారు. ఇలాంటి ఏర్పాటులో నాయకులు విధేయంగా ఉండేది సింహాసనానికి కాదు, ఆ ఒక్క మనిషికి. ఆయన తల ఈటె మీద కనిపించగానే పోరాడడానికి కారణమే పోయింది. అంతకంటే పెద్ద పొరపాటు ఆ తర్వాత జరిగింది. బలమైన ప్రాకారాలున్న నగరాన్ని కాపాడే ప్రయత్నం చేయకుండా తిరుమలరాయలు ఖజానానూ సదాశివరాయల్నీ వెంటబెట్టుకుని పెనుగొండ దారి పట్టాడు. విజయనగర చరిత్రలో అంతకుముందు ఓడిన యుద్ధాలు చాలా ఉన్నాయి. రాజధానిని వదిలేసిన ఓటమి ఇదొక్కటే. సామ్రాజ్యానికి ప్రాణాంతకమైంది పోరులో ఓటమి కంటే ఆ నిర్ణయమేనని నేను అనుకుంటాను.

నగరం ఎందుకు లేవలేదు?

విధ్వంసం మీద పాత కథనం సూటిగా ఉంటుంది: అయిదారు నెలలు నిప్పుతో, గునపాలతో నగరాన్ని నేలమట్టం చేశారని. 1980 నుంచి జాన్ ఫ్రిట్జ్, జార్జ్ మిషెల్ బృందం హంపీలో శిథిలాల్ని ఒక్కొక్కటిగా కొలిచి నమోదు చేయడంతో బొమ్మ మారింది. ఆ విధ్వంసం అన్ని చోట్లా ఒకేలా లేదు. రాచనగరి, రాజులతో ముడిపడిన పెద్ద ఆలయాలు తీవ్రంగా దెబ్బతిన్నాయి. విఠలాలయంలో, కృష్ణాలయంలో ఆ గుర్తులు కనిపిస్తాయి. విరూపాక్షాలయంలో మాత్రం పూజ నేటికీ సాగుతోంది. పతనాన్ని పునఃపరిశీలించిన మార్క్ లైసెట్, క్యాథ్లీన్ మారిసన్ 2013లో ఈ ఎంపికనే ఎత్తి చూపారు. దాడి రాజాధికార చిహ్నాల మీదనే జరిగిందని చెప్పడానికి ఇది బలమిస్తుంది.

కాని ఇక్కడ కొత్త తరం సవరణవాదులు ఒక మాటను తేలికగా తీసుకున్నారనిపిస్తుంది. రాజాధికార చిహ్నాలంటే ఆ కాలంలో చాలావరకు ఆలయాలే. విఠలుడూ కృష్ణుడూ రాజుల దేవుళ్లు కనుకే వాళ్ల గుళ్లు పగిలాయంటే, ఆ పగలగొట్టడంలో మతం లేదనడం ఎలా కుదురుతుంది? 1528లో కృష్ణదేవరాయలు ప్రతిష్ఠించిన ఉగ్రనరసింహ విగ్రహం చేతులు విరిగి, ఒళ్లోని లక్ష్మి మాయమై ఉంది. అక్కడ నిలబడ్డ మనిషికి రాజకీయమూ భక్తీ విడివిడిగా కనిపించవు.

నగరం పూర్తిగా నేలమట్టమైందన్న మాటా నిలవదు. యుద్ధం తర్వాత రెండేళ్లకు వచ్చిన ఫ్రెడరిక్‌కు ఇళ్లు నిలబడే కనిపించాయి. వాటిలో మనుషులు లేరు, పులులూ అడవి మృగాలూ తిరుగుతున్నాయని చెప్పుకున్నారు. తిరుమలరాయలు తిరిగొచ్చి నగరాన్ని నింపాలని చూశాడు. గుర్రాలు కావాలి కనుక, పోరులో పోయిన రాజ్యపు ముద్ర ఉన్న గుర్రాల్ని ఎవరు తెచ్చినా సొమ్ము చెల్లిస్తానని, క్షేమంగా తిరిగి వెళ్లనిస్తానని గోవా వర్తకులకు కబురు పంపాడు. వాళ్లు తెచ్చారు. ఆయన గుర్రాల్ని తీసుకుని డబ్బు ఇవ్వకుండానే పంపేశాడని ఫ్రెడరిక్ రాశాడు. నగరం ఎందుకు లేవలేదన్నదానికి ఈ ఒక్క సంఘటన చాలా చెబుతుంది. అంత జనం రాతినేల మధ్య బతికింది గుర్రాల బేరం మీద, రాజు మాట మీద నమ్మకంతో వచ్చే వర్తకుల మీద, నాయకులు తెచ్చి కట్టే కప్పాల మీద. ఖాళీ ఖజానాతో ఆ నమ్మకాన్ని తిరిగి తేవడం కుదరలేదు. 1567లోనే కొలువు పెనుగొండకు మారిపోయింది. పొలాలు మాత్రం పూర్తిగా బీడు పడలేదు. తుంగభద్ర మీద విజయనగర రాజులు తవ్వించిన కాలువల్లో కొన్ని ఇప్పటికీ పారుతున్నాయి.

ఓడిన రాజ్యం, నిలిచిన నాయకులు

రాజ్యం సంగతికొస్తే పాఠ్యపుస్తకాల లెక్క మరీ పొట్టిది. తిరుమలరాయలతో మొదలైన అరవీటి రాజులు పెనుగొండ నుంచి, తర్వాత చంద్రగిరి, వేలూరుల నుంచి 17వ శతాబ్దం మధ్యదాకా ఏలారు. ‘వసుచరిత్ర’ అంకితమైంది తిరుమలరాయలకే. రెండో వెంకటపతి 1586 నుంచి 1614 దాకా చెప్పుకోదగ్గ బలంతోనే పాలించాడు. 1639లో ఇంగ్లీషు కంపెనీకి మద్రాసు చోటు ఇచ్చిన దామెర్ల వెంకటాద్రి నాయకుడు ఆ రాజుల కింది ప్రభువే. కాని ఇది పేరుకే సామ్రాజ్యం. అసలు బలం మధుర, తంజావూరు, సెంజి నాయకులకు, మైసూరుకు, ఇక్కేరికి జారిపోయింది.

ఈ జారుడును ఎలా అర్థం చేసుకోవాలన్న దగ్గర రెండు ధోరణులున్నాయి. బర్టన్ స్టెయిన్ దృష్టిలో విజయనగరం ఎప్పుడూ గట్టి కేంద్రం ఉన్న రాజ్యం కాదు. స్థానిక ప్రభువులు రాజు పెద్దరికాన్ని ఒప్పుకుంటూ తమ పట్టు తాము ఉంచుకున్నారు. అందుకే కేంద్రం దెబ్బతినగానే విడిపోయారు. నొబొరు కరషిమ వంటివాళ్లు శాసనాల ఆధారంగా దీన్ని ఖండించారు. సైనిక సేవకు బదులు నాయకులకు భూములిచ్చే 16వ శతాబ్దపు నాయంకర వ్యవస్థలో కేంద్రం చేయి బలంగానే ఉందని వాళ్ల మాట. ఇక వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం 1992లో కలిసి రాసిన పుస్తకం ప్రశ్ననే మార్చింది. నాయకుల కాలం క్షీణదశ కాదని, కొత్త రకపు రాచరికమని, తంజావూరు తెలుగు సాహిత్యమే దానికి సాక్ష్యమని చూపించింది. తెలుగువాళ్లు తమిళదేశంలో రఘునాథ నాయకుడి కొలువును కట్టుకున్నది ఈ ‘పతనం’ తర్వాతే.

పోలిక కోసం 1761 నాటి పానిపట్టును చూడవచ్చు. మరాఠాలు అక్కడ ఒక తరం నాయకుల్ని పోగొట్టుకున్నారు. అయినా పదేళ్లలో, 1771లో, ఢిల్లీకి తిరిగొచ్చారు. అక్కడ సేన పోయింది గాని పుణే నిలిచింది. పీష్వా గద్దె మీద ఎవరు కూర్చోవాలన్న మాట త్వరగానే తేలింది. 1565 తర్వాత విజయనగరంలో ఈ రెండూ లేవు. ఒక యుద్ధం రాజ్యాన్ని ఎంత దెబ్బతీస్తుందన్నది శవాల లెక్క మీద కంటే, ఓటమి మర్నాడు ఎవరి ఆజ్ఞ చెల్లుతుందన్నదాని మీద ఎక్కువ ఆధారపడుతుంది.

గెలిచినవాళ్లకు దక్కింది కూడా కొంచెమే. ఉమ్మడి శత్రువు పోగానే కూటమి కరిగింది. బీజాపూర్ ఆదోనిని, గోల్కొండ కొన్నేళ్లకు కొండవీటిని తీసుకున్నాయి. అహ్మద్‌నగర్ 1574లో బేరార్‌ను మింగేసింది. తర్వాత మొగలులు ఒక్కో రాజ్యాన్నీ విడివిడిగా ఎదుర్కొన్నారు.

ఇప్పటికి తేలినవి, తేలనివి

నాలుగు ప్రశ్నలకూ ఈనాటి స్థితి ఒకేలా లేదు. కూటమి ఎందుకు కట్టారన్నదాని మీద సీవెల్ వాదన దాదాపు వీగిపోయింది; కోటలు, సరిహద్దులు, పరాభవాలే ప్రధానమన్న మాట నిలిచింది. ఎందుకు ఓడారన్నదాని మీద ఫిరంగుల పక్షానికి మొగ్గు ఉన్నా తుది మాట రాలేదు. నగరం దగ్గర పురావస్తు శాస్త్రం పాత కథను సరిదిద్దింది, కాని ఏ గుడిని ఎవరు, ఎప్పుడు కొట్టారన్నది విడదీయలేకపోయింది. సైనికులు కొట్టినవెన్ని, తర్వాత నిధుల వేటగాళ్లు తవ్వినవెన్ని, కాలానికి కూలినవెన్ని అన్న లెక్క ఇంకా మిగిలే ఉంది. రాజ్యం దగ్గర వాదన స్టెయిన్, కరషిమల మధ్య ఆగిపోయింది. ఆంధ్ర, రాయలసీమల్లోని అరవీటి కాలపు శాసనాల్ని ఊరూరా కలిపి చదివితే తప్ప ముందుకు కదలదు.

ఆ శాసనాల్లోనే అన్నిటికంటే ఆసక్తికరమైన చిక్కుముడి ఒకటి ఉంది. సదాశివరాయల్ని తిరుమలరాయల కొడుకు చంపించాడని ఫ్రెడరిక్ విన్నాడు. అది నిజమైతే అరవీటి వంశం రాజహత్యతో సింహాసనమెక్కింది. నాయకులు దూరమవడానికి అదొక్కటే చాలు. కాని ఆ తర్వాతి సంవత్సరాల దానశాసనాలు కూడా సదాశివరాయలే రాజ్యమేలుతున్నట్టు చెబుతున్నాయి. చనిపోయిన రాజు పేరు మీద రాయసగాళ్లు దానాలు రాస్తూ పోయారా, లేక ఆయన పెనుగొండలో నిజంగానే బతికి ఉన్నాడా? మొదటిది నిజమైతే కొత్త రాజుల పేరు ఇంకా చెల్లుబాటు కాలేదన్నమాట. రెండోది నిజమైతే ఫ్రెడరిక్ చెప్పిన మిగతా సంగతుల్ని, ముఖ్యంగా ఆ ఇద్దరు సేనానుల ఫిరాయింపును, మళ్లీ పరీక్షకు పెట్టాలి.